కళ్ళు రోడ్డు మీద, చెవి కోర్టు మీద: ఎన్‌బీఏ ఆటను రేడియోలో, ఆన్‌లైన్‌లో లైవ్‌గా వినడం ఎలా

ఆఫీసు నుంచి ఇంటికి గంట డ్రైవు. లేదంటే పొయ్యి మీద పప్పు ఉడుకుతోంది, టీవీ పిల్లల చేతిలో ఉంది. సరిగ్గా అప్పుడే మీ టీమ్ ఆట మొదలవుతుంది. చూడ్డం కుదరకపోతే బాస్కెట్‌బాల్‌ను వినొచ్చన్న సంగతి చాలామందికి తట్టదు. మా నాన్నగారు అమెరికాలో మేముండే ఆస్టిన్ వచ్చేదాకా నాకూ తట్టలేదు.

నాన్నగారిది తెనాలి. గ్లకోమా వల్ల చూపు బాగా తగ్గిపోయింది. పదిమంది ఆటగాళ్ళు అటూ ఇటూ పరిగెడుతుంటే టీవీ తెర ఆయనకు అలికేసిన గోడలా ఉంటుంది. కుర్రతనంలో ట్రాన్సిస్టర్ చెవికి ఆనించుకుని టెస్టు మ్యాచ్‌లు విన్న మనిషి. ఒకరోజు సాయంత్రం మేమంతా శాన్ ఆంటోనియో స్పర్స్ ఆట చూస్తూ అరుస్తుంటే, "ఇది రేడియోలో రాదా అమ్మాయ్?" అని అడిగారు. వస్తుంది. ప్రతి ఆటా వస్తుంది. ఆ శీతాకాలం ఆయన కోసం వెతికి, తప్పులు చేసి నేర్చుకున్నదంతా మీకు వరసగా చెబుతాను.

ముందు టీమ్, తర్వాతే స్టేషన్

ఎన్‌బీఏ అంటే అమెరికాలోని పెద్ద ప్రొఫెషనల్ బాస్కెట్‌బాల్ లీగ్. అందులో 30 టీమ్‌లు. అక్టోబరు నుంచి ఏప్రిల్ మధ్య దాకా ఒక్కో టీమ్ 82 ఆటలు ఆడుతుంది. ప్రతి టీమ్ తరఫునా ఒక రేడియో వ్యాఖ్యాత ఉంటాడు. సీజన్ పొడవునా ఆ గొంతే. అందుకే మొదట చేయాల్సింది ఒక టీమ్‌ను ఎంచుకుని, ఆ గొంతుకు అలవాటు పడటం. రోజుకో టీమ్, రోజుకో స్టేషన్ తిప్పుతూ పోతే ఆటగాళ్ళ పేర్లే తలకెక్కవు. ఒకే గొంతును వారం పది రోజులు వినండి. ఆయన ఎప్పుడు ఊపిరి బిగబడతాడో, ఎప్పుడు నిట్టూరుస్తాడో మీకే తెలిసిపోతుంది.

తర్వాత ఆ టీమ్ 'ఫ్లాగ్‌షిప్' స్టేషన్ ఏదో కనుక్కోండి. ఆ టీమ్ ఆటలకు అదే ప్రధాన కేంద్రం. గోల్డెన్ స్టేట్ వారియర్స్ అయితే 95.7 ఎఫ్‌ఎం, బోస్టన్ సెల్టిక్స్‌కు 98.5 ఎఫ్‌ఎం, లాస్ ఏంజిలస్ లేకర్స్‌కు 710 ఏఎం (మనం మీడియం వేవ్ అనేది ఇదే), చికాగో బుల్స్‌కు 670 ఏఎం, మా స్పర్స్‌కు 1200 ఏఎం. ఇవి శాశ్వతం కాదు. న్యూయార్క్ నిక్స్ ఆటలు వినేవాళ్ళు 2024లో 98.7 ఎఫ్‌ఎం వదిలి 880 ఏఎంకు మారాల్సి వచ్చింది. కాబట్టి ప్రతి అక్టోబరులో ఒకసారి టీమ్ సొంత వెబ్‌సైట్‌లో షెడ్యూల్ పేజీ తెరిచి చూసుకోండి. ప్రతి ఆట పక్కనా టీవీ చానల్‌తో పాటు రేడియో పేరు కూడా ఉంటుంది. ఊరూరా ఉన్న అనుబంధ స్టేషన్ల జాబితా కూడా అక్కడే దొరుకుతుంది. స్పర్స్, లేకర్స్, మయామీ హీట్ లాంటి టీమ్‌లకు స్పానిష్ వ్యాఖ్యానం కూడా ఉంది. పొరపాటున అది పెట్టుకుని, ఏమీ అర్థం కాలేదని వదిలేయకండి.

ఇంకో చిన్న మాట. షెడ్యూల్‌లో 7 గంటలు అని ఉంటే బంతి గాల్లోకి లేచేది దాదాపు 7:10కి. ఆలోపు ముందస్తు ముచ్చట్లు నడుస్తాయి. కొత్తవాళ్ళు వాటిని తప్పకుండా వినాలి. ఎవరు గాయపడ్డారో, ఎవరు మొదటి అయిదుగురిలో ఉన్నారో అక్కడే చెబుతారు. ఆ అయిదు పేర్లూ చెవిన పడితే తర్వాత అంతా తేలిక.

గాలిలో వచ్చే రేడియో: డబ్బు లేదు, డేటా లేదు, ఆలస్యం లేదు

మీరు టీమ్ ఉన్న ఊళ్ళోనో, చుట్టుపక్కలో ఉంటే ఇంతకు మించిన దారి లేదు. అమెరికాలో లీగ్ పాస్ (ఎన్‌బీఏ ఆటలను ఆన్‌లైన్‌లో చూడ్డానికి కట్టే చందా) కొన్నవాళ్ళకు ఒక పెద్ద బాధ ఉంది. సొంత ఊరి టీమ్ ఆట అందులో లైవ్‌గా రాదు. దాన్నే బ్లాకౌట్ అంటారు. గాలిలో వచ్చే రేడియోకు ఆ బెడద లేదు. కారులో బటన్ నొక్కితే చాలు.

ఎఫ్‌ఎం అయితే గొంతు స్వచ్ఛంగా ఉంటుంది, కానీ 40-50 మైళ్ళు దాటితే గరగరమంటుంది. ఏఎం సంగతి వేరు. మా ఆస్టిన్‌కు శాన్ ఆంటోనియో 80 మైళ్ళ దూరం. అయినా 1200 ఏఎం పట్టపగలే అందుతుంది. అది 50,000 వాట్ల స్టేషన్. రాత్రయితే వందల మైళ్ళ అవతలకీ వినపడుతుంది. పగలు వాతావరణం పైపొరల్లో ఒకటి ఏఎం తరంగాలను మింగేస్తుంది. పొద్దుగూకాక ఆ పొర పలచబడిపోతుంది. అప్పుడు తరంగాలు ఇంకా పైనున్న పొరకు తగిలి, అద్దం మీద వెలుతురులా తిరిగి దూరాన భూమ్మీద పడతాయి. చికాగో 670, న్యూయార్క్ 880, క్లీవ్‌లాండ్ కవలియర్స్ ఆటలు వచ్చే 1100 కూడా ఇలాంటి బలమైన స్టేషన్లే. ఎన్‌బీఏ ఆటలు ఎక్కువగా రాత్రివేళే కాబట్టి ఏఎంకు కలిసొస్తుంది. అమెరికాలో రాత్రిపూట హైవే మీద పోతుంటే ఈ నంబర్లు ఒకసారి తిప్పి చూడండి. ఎక్కడో మంచులో ఉన్న ఊరి ఆట మీ కారులో వినపడితే ఆ ఆనందమే వేరు.

ఇంట్లో చిన్న రేడియో పెట్టుకుంటే మా నాన్నగారి చిట్కా పనికొస్తుంది. తెనాలిలో మా ఇంటి ట్రాన్సిస్టర్‌ను కిటికీలో పెట్టి, మెల్లగా గడియారం ముల్లులా తిప్పేవారు. ఒకచోట గరగర తగ్గి గొంతు తేటపడేది. అక్కడ సున్నంతో గుర్తు గీసి ఉండేది. ఆస్టిన్‌లోనూ అదే చేశారు. ఇది చాదస్తం కాదు. ఏఎం రేడియో లోపల నల్లటి కడ్డీకి రాగి తీగ చుట్టి ఉంటుంది. ఆ కడ్డీ స్టేషన్ దిక్కుకు అడ్డంగా ఉన్నప్పుడే సిగ్నల్ బాగా పడుతుంది. అందుకే ఏరియల్ లాగితే ఏఎంకు లాభం లేదు, రేడియోనే తిప్పాలి. పక్కన ఫోన్ చార్జర్ ఉంటే తీసేయండి. కొన్ని ఎల్‌ఈడీ బల్బులు కూడా గుయ్ మంటూ గోల పెడతాయి. మా వంటింటి బల్బు ఆర్పగానే వ్యాఖ్యాత గొంతు పక్క గదిలోంచి వచ్చినంత దగ్గరైంది.

కొన్ని ఎలక్ట్రిక్ కార్లలో ఏఎం అసలు ఉండదు. కారు కొని చాలాకాలం వాడాక ఆ సంగతి తెలుసుకున్నవాళ్ళు నాకు తెలుసు. వాళ్ళకు శాటిలైట్ రేడియో సిరియస్ ఎక్స్‌ఎం ఒక దారి. నెలనెలా డబ్బు కట్టాలి. దాన్లో 86వ చానల్ పూర్తిగా ఎన్‌బీఏ కబుర్లకే. ఆటలు వేరే చానళ్ళలో వస్తాయి. ఏ ఆట ఏ నంబరులో అన్నది ఆ రోజు షెడ్యూల్‌లో చూడాలి. సిగ్నల్ టవర్లు లేని ఎడారి దారుల్లో కూడా తెగకుండా రావడం దీని గొప్ప. ఊళ్ళోనే తిరిగేవాళ్ళకు దీనికోసం డబ్బు పెట్టాల్సిన పని లేదని నా అభిప్రాయం.

ఆన్‌లైన్: ఇక్కడే చాలామంది బోల్తా పడతారు

"ఆ స్టేషన్‌కు యాప్ ఉంది కదా, ఎక్కడున్నా వినొచ్చు" అనుకుంటాం. నేనూ అలాగే అనుకుని ఒక యాప్‌కు డబ్బు కట్టాను. ఆట మొదలయ్యే నిమిషానికి దాన్లో ఎవరో ఫుట్‌బాల్ గురించి తీరిగ్గా మాట్లాడుకుంటున్నారు. నాన్నగారేమో కుర్చీ లాక్కుని సిద్ధంగా కూర్చున్నారు. తలప్రాణం తోకకొచ్చింది.

అలా ఎందుకయిందంటే, గాలిలో ప్రసారం చేసే హక్కు వేరు, ఇంటర్నెట్‌లో ప్రసారం చేసే హక్కు వేరు. స్టేషన్‌కు మొదటిది ఉంటుంది. రెండోది ఆ ఊరి వరకే ఉండొచ్చు, అసలే లేకపోవచ్చు. అందుకే గాలిలో ఆట నడుస్తున్నా, యాప్‌లో మాత్రం వేరే కార్యక్రమం వేస్తారు. కాబట్టి డబ్బు కట్టేముందు ఒక ఆట ఉన్న రాత్రి ఉచితంగా తెరిచి చూడండి. ఆట వస్తే సరే. ఆడాసీ, ఐహార్ట్‌రేడియో లాంటి యాప్‌లలో టీమ్ ఉన్న ఊళ్ళో వినపడిన ఆట, ఊరు దాటాక వినపడకపోవచ్చు. లొకేషన్ అనుమతి అడుగుతుంది. ఇవ్వకపోయినా ఆట రాదు. యాప్ పాడైందనుకునే ముందు సెట్టింగ్స్‌లో అది చూసుకోండి.

ఊరికి దూరంగా ఉన్నవాళ్ళకు, దేశం బయట ఉన్నవాళ్ళకు సరైన చోటు ఎన్‌బీఏ సొంత యాప్. అందులో ఖాతా తెరిచి, ఆ రోజు ఆట మీద నొక్కి, ప్రసారాలు ఎంచుకునే మెనూలోకి వెళ్ళండి. లీగ్ పాస్ ఉన్నవాళ్ళకు అక్కడ 'హోమ్' (Home) టీమ్ ఆడియో, 'అవే' (Away) టీమ్ ఆడియో అని విడివిడిగా కనిపిస్తాయి. హోమ్ అంటే ఎవరి ఊళ్ళో ఆట జరుగుతోందో వాళ్ళ రేడియో. మీ టీమ్ పరాయి ఊళ్ళో ఆడుతుంటే 'అవే' (Away) ఆడియో నొక్కాలి. ఇది మర్చిపోతే ప్రత్యర్థి వ్యాఖ్యాత సంబరపడుతుంటే వినాల్సి వస్తుంది.

డేటా గురించి భయం వద్దు. సెకనుకు 64 కిలోబిట్స్ ఆడియో గంటకు సుమారు 29 ఎంబీ తింటుంది. రెండున్నర గంటల ఆట మొత్తానికి 75 ఎంబీ లోపే. అదే ఆటను వీడియోలో చూస్తే లెక్క జీబీల్లోకి పోతుంది. వైఫై బలహీనంగా ఉన్న ఇంట్లో, రైల్లో, బస్సులో ఆడియో ఆగకుండా నడవడానికి కారణం ఇదే.

ఆలస్యం మాత్రం ఉంటుంది. ఆన్‌లైన్ ఆడియో అసలు ఆట కన్నా అరనిమిషం, ఒక్కోసారి అంతకన్నా ఎక్కువే వెనకబడి ఉంటుంది. అందుకే ఆట అయ్యేదాకా స్కోర్ చెప్పే యాప్‌ల నోటిఫికేషన్లు ఆపేయండి, స్నేహితుల వాట్సాప్ గ్రూపును కూడా మ్యూట్ చేయండి. వ్యాఖ్యాత "షాట్ వేశాడు..." అని ఊపిరి బిగబట్టిన క్షణంలో ఫోన్ టింగ్ మని ఫలితం చెప్పేస్తే ఆ ఆట అక్కడితో చచ్చిపోయినట్టే.

ఇంట్లో కొందరు చూస్తూ, కొందరు వింటూ ఉండాలంటే టీవీ సౌండ్ తీసేసి రేడియో పెట్టండి. గాలిలో వచ్చే రేడియో సాధారణంగా టీవీ కన్నా ముందుంటుంది, దాన్ని ఆపలేం. యాప్ ఆడియో వాడి, టీవీ ముందుంటే దాన్ని కొన్ని సెకన్లు పాజ్ చేసి, రెండూ కలిశాక వదలండి. మా ఇంట్లో ఇప్పటికీ ఇలాగే నడుస్తుంది. టీవీ వ్యాఖ్యాతలు బొమ్మ కనిపిస్తోంది కదా అని చాలా వదిలేస్తారు. రేడియో మనిషి బంతిని ఒక్క క్షణం వదలడు.

చెవికి కోర్టు చూపించండి

స్టేషన్ దొరికిన మొదటి రాత్రి నాన్నగారు మొదటి క్వార్టర్ అంతా మౌనంగా విన్నారు. తర్వాత, "గొంతు బాగుంది. బంతి ఎటుందో తెలియడం లేదు" అన్నారు. క్రికెట్‌లో కవర్స్, మిడాన్, స్క్వేర్‌లెగ్ ఆయనకు కంఠోపాఠం. ఈ కోర్టు ఆయన మనసులో లేదు. లోపం రేడియోది కాదని అప్పుడర్థమైంది.

మర్నాడు అట్టముక్క మీద కోర్టు చేశాను. మీరూ చేయండి, చూపు ఉన్నవాళ్ళకు కూడా ఇది బాగా పనికొస్తుంది. అసలు కోర్టు పొడవు 94 అడుగులు, వెడల్పు 50. అడుగుకు అర సెంటీమీటరు లెక్కన 47 సెంటీమీటర్ల పొడవు, 25 వెడల్పుతో అట్ట కోయండి. మధ్యలో అడ్డగీత. పొట్టి అంచును బేస్‌లైన్ అంటారు. రెండువైపులా దానికి 2.6 సెంటీమీటర్ల లోపలికి, సరిగ్గా మధ్యలో చుక్క పెట్టండి. అదే బాస్కెట్. బేస్‌లైన్ నుంచి 9.5 సెంటీమీటర్ల పొడవు, 8 వెడల్పుతో ఒక పెట్టె గీయండి. దానికి పెయింట్ అని పేరు. తర్వాత త్రీ పాయింట్ గీత, అంటే దాని అవతలి నుంచి వేసిన బంతి పడితే మూడు పాయింట్లు. దానికి పక్క అంచుల నుంచి 1.5 సెంటీమీటర్లు వదిలి, బేస్‌లైన్ నుంచి 7 సెంటీమీటర్లు నిటారుగా పోనిచ్చి, అక్కణ్ణుంచి బాస్కెట్ చుట్టూ సుమారు 12 సెంటీమీటర్ల వ్యాసార్థంతో వంపు తిప్పండి. ఈ గీతలన్నిటి మీదా జిగురు రాసి లావు దారం అతికించాను. ఆయన వేళ్ళకు గీతలు తగలాలి కదా. బంతికి ఒక చింతగింజ.

తర్వాత పేర్లు. పెయింట్ పెట్టెకు బాస్కెట్ నుంచి దూరంగా ఉన్న అంచు ఫ్రీ త్రో గీత, ఫౌల్ అయినప్పుడు ఎవరూ అడ్డు రాకుండా షాట్ వేసే చోటు. దాని రెండు మూలలు ఎల్బోలు. ఆ గీతకు ఎదురుగా, వంపు నడినెత్తిన ఉన్న చోటు టాప్ ఆఫ్ ద కీ. అక్కణ్ణుంచి రెండు పక్కలకు దిగితే వింగ్‌లు. ఇంకా దిగి బేస్‌లైన్ దగ్గరికి వస్తే కార్నర్లు. కార్నర్‌లో గీత బాస్కెట్‌కు 22 అడుగులే, పైన 23 అడుగుల 9 అంగుళాలు. "కార్నర్ త్రీ" అనగానే వ్యాఖ్యాత గొంతులో ఆశ పెరగడానికి కారణం ఆ కొద్ది తేడా. ఈ అయిదారు మాటలు వస్తే ఆట కళ్ళకు కట్టినట్టుంటుంది.

దిక్కు కూడా పట్టుకోవాలి. మంచి వ్యాఖ్యాత మొదట్లోనే "మన టీమ్ ఎడమ నుంచి కుడికి ఆడుతోంది" అని చెబుతాడు. ఆ మాట కోసం చెవులు రిక్కించండి. సగం ఆట అయ్యాక వైపులు మారతాయి. ఆటలో 12 నిమిషాల క్వార్టర్లు నాలుగు. సమమైతే 5 నిమిషాల అదనపు ఆట. బంతి చేతికొచ్చాక 24 సెకన్లలో షాట్ వేయాలి. అందుకే వ్యాఖ్యాత "పది ఉంది, ఎనిమిది ఉంది" అని అంకెలు దించుతుంటాడు. అది ఆట మొత్తం సమయం కాదు, షాట్ గడియారం. కొత్తవాళ్ళు మొదటి రోజు ఈ రెండిటికీ తికమకపడతారు.

గోలను కూడా వినండి. సొంత ఊళ్ళో అయితే హోరు అంటే మనకు పాయింట్లు. పరాయి ఊళ్ళో అంతా తలకిందులు. వ్యాఖ్యాత గొంతు లేస్తుంది, జనం గొంతు పడిపోతుంది. వేలమంది ఒక్కసారిగా మూగబోవడం రేడియోలో నాకు అన్నిటికన్నా ఇష్టమైన శబ్దం. నాన్నగారు అయిదో ఆటకల్లా వ్యాఖ్యాత చెప్పకముందే చింతగింజను కార్నర్‌కు జరిపి, "పడింది" అనేవారు. బూట్ల కిచకిచ ఆగింది, జనం ఊపిరి బిగబట్టారు, అంతే చాలు ఆయనకు.

ఈ మాటల కళకు పెద్ద చరిత్రే ఉంది. లేకర్స్ వ్యాఖ్యాత చిక్ హెర్న్ 1965 నుంచి 2001 దాకా వరసగా 3,338 ఆటలకు ఒక్కటీ మానకుండా వ్యాఖ్యానం చెప్పాడు. ఇవాళ అందరి నోటా ఉన్న 'స్లామ్ డంక్', 'ఎయిర్‌బాల్' మాటలను వాడుకలోకి తెచ్చిన ఘనత ఆయనదే. 1962 మార్చి 2న పెన్సిల్వేనియాలోని హెర్షీలో విల్ట్ చాంబర్లేన్ ఒక్కడే 100 పాయింట్లు కొట్టిన ఆటకు వీడియో లేదు. అతని టీమ్ ఫిలడెల్ఫియా వారియర్స్ 169-147తో నిక్స్‌ను ఓడించిన ఆ రాత్రి నుంచి మనకు మిగిలింది నాలుగో క్వార్టర్ రేడియో వ్యాఖ్యానమే. ఆన్‌లైన్‌లో దొరుకుతుంది. ఒక సాయంత్రం దీపం తగ్గించి వినండి.

కాలేజీ ఆటలు

మీరో, మీ పిల్లలో చదివిన యూనివర్సిటీకి టీమ్ ఉంటే ఖర్చు లేకుండా వినే దారి ఉంది. వర్సిటీ నెట్‌వర్క్ అనే ఉచిత యాప్‌లో చాలా యూనివర్సిటీల లైవ్ ఆడియో వస్తుంది. పేరు వెతికి, టీమ్‌ను గుర్తుపెట్టుకోమంటే చాలు. కాలేజీ క్రీడలు నడిపే సంస్థ ఎన్‌సీఏఏ. మార్చిలో మొదలయ్యే దాని పురుషుల టోర్నీని వెస్ట్‌వుడ్ వన్ అనే నెట్‌వర్క్ రేడియోలో ప్రసారం చేస్తుంది. అదే ఆడియో ఎన్‌సీఏఏ మార్చ్ మ్యాడ్‌నెస్ లైవ్ యాప్‌లోనూ ఉచితంగా ఉంటుంది. పురుషుల కాలేజీ ఆటలో క్వార్టర్లు ఉండవు, 20 నిమిషాల సగాలు రెండు, షాట్ గడియారం 30 సెకన్లు. మహిళలకు 10 నిమిషాల క్వార్టర్లు నాలుగు.

ఇండియా నుంచి వినేవాళ్ళకు

గాలిలో రేడియో అందదు, సిరియస్ ఎక్స్‌ఎం రాదు. ఎన్‌బీఏ యాపే దిక్కు. మంచి సంగతేమిటంటే అక్కడి రాత్రి ఆట మనకు తెల్లవారుజామున, కాఫీ వేళకు వస్తుంది. చలికాలంలో న్యూయార్క్ 7:30 మనకు మర్నాడు ఉదయం 6. శాన్ ఆంటోనియోలో 7 అంటే మనకు 6:30. కాలిఫోర్నియాలో 7:30 అంటే మనకు 9. ఆఫీసుకు బస్సులో వెళ్ళేవాళ్ళకు ఈ చివరిది భలే కుదురుతుంది. ముందురాత్రే యాప్‌లో లాగిన్ అయి, ఏదో ఒక పాత ఆట నొక్కి నడుస్తోందో లేదో చూసుకోండి. పొద్దున్నే నిద్రకళ్ళతో పాస్‌వర్డ్ వెతుక్కుంటే మొదటి క్వార్టర్ అయిపోతుంది.

నాన్నగారు ఇప్పుడు తెనాలిలో ఉన్నారు. అట్టకోర్టు ఆయనతో పాటే సూట్‌కేసులో వెళ్ళింది. అమ్మ యాప్ పెట్టి చెవి పక్కన ఫోన్ ఉంచుతుంది. మొదటి ఏడాది మార్చిలో ఒకరోజు ఆయన అలారం ప్రకారం లేచి పెట్టేసరికి ఆట సగం దాకా వచ్చేసింది. అమెరికాలో మార్చి రెండో ఆదివారం గడియారాలు గంట ముందుకు జరుపుతారు, నవంబరు మొదటి ఆదివారం వెనక్కి తెస్తారు. మనకు ఆ మార్పు లేదు. అందుకే ఆ ఆదివారం నుంచి ఆరున్నర ఆట అయిదున్నరకే మొదలవుతుంది. ఇప్పుడు మా అమ్మ వంటింట్లోని గోడ క్యాలెండరులో ఆ రెండు ఆదివారాలకూ ఎర్ర సిరాతో సున్నా చుడుతుంది. మీరూ చుట్టుకోండి.